అరవై చరణాల గడియ

తొమ్మిదవ ప్రకరణం

ఎండ నడినెత్తికి రావడానికి ఇంకా కొంచెం పొద్దుండగా, కాంస్యపురి కోట తూర్పు ద్వారం ముందుకు ఒక విసనకర్రల వర్తకుడు వచ్చి నిలబడ్డాడు. తలకు పసుపు పాగా, బొడ్డుదాకా గడ్డం, వీపున మోపెడు తాటాకు విసనకర్రలు. గడ్డం మేకవెంట్రుకలది. దాని కింద చెమట కారి ఒకటే దురద. గోక్కుంటే ఊడిపోతుంది, గోక్కోకపోతే ప్రాణం పోయేలా ఉంది. మారువేషాల వీరుల కథలు చెప్పినవాళ్లు ఈ సంగతి ఒక్కరూ చెప్పలేదే అని కొమ్మన లోలోపల విసుక్కున్నాడు.

ద్వారం దాటగానే ఆ దురద కూడా మరిచిపోయాడు. పన్నెండేళ్లయింది ఈ వీధిలో నడిచి. ఇటు కంచరుల అంగళ్లు, అటు పూలవాళ్ల పందిళ్లు, మిట్టమధ్యాహ్నం కూడా నీడ ఇచ్చే ఎత్తయిన అరుగులు. బెల్లం కాచే వాసన ఇప్పటికీ అదే మలుపులో వస్తోంది. వీటన్నిటి మీదుగా, ఏడంతస్తుల కంచు తొడుగుతో, ఎండలో కొలిమిలా వెలుగుతూ జేగంట మేడ. పదేళ్ల వయసు నుంచి పద్దెనిమిదేళ్ల వయసుదాకా ఆ మేడే అతని ఇల్లు. ఆ మేడ పెద్ద సూరప్పే అతనికి తల్లీ తండ్రీ.

ఆ రోజులే వేరు. మేడ పై అంతస్తులో రాతి తొట్టి, తొట్టి నిండా నీళ్లు, నీళ్ల మీద తేలే రాగి గడియకుడుక. కుడుక అడుగున సూదిమొన దూరేంత బెజ్జం. నీరు నెమ్మదిగా ఎక్కి కుడుక మునిగితే ఒక గడియ. మునగగానే జేగంట మీద కొయ్యసుత్తి దెబ్బ. మళ్లీ కుడుక తేల్చడం. ఇంతే పని. కానీ ఆ పనికి ఒక పాట ఉండేది. అరవై చరణాల పాట. కుడుక తేల్చినప్పుడు మొదటి చరణం ఎత్తుకుంటే, అది మునిగేసరికి సరిగ్గా అరవయ్యో చరణం ముగిసేది. ఐదుగురు పనివాళ్లు వంతులవారీగా పాడుతుంటే కింద వీధిలో వడ్లు దంచే ఆడవాళ్లు కూడా రోకటిపోటుతో కలిసి పాడేవాళ్లు. ఊరంతా ఒకే ఊపిరి తీస్తున్నట్టుండేది.

అలాంటి చోటు విడిచి కొమ్మన ఎందుకు పోయాడు? అతనిదే తప్పు. ఒకనాటి మధ్యాహ్నం కిటికీలోంచి మల్లయుద్ధం చూస్తూ, మునిగిన కుడుకను చూడలేదు. ఊరికి ఒక గడియ ఎగిరిపోయింది. "రేపు విచారణ పెడతాను, నీ మాట చెప్పుకో" అన్నాడు సూరప్ప. చెప్పుకోవడానికి కొమ్మనకు ముఖం చెల్లలేదు. తెల్లారేలోగా గోడ దూకి కాళ్లకు బుద్ధి చెప్పాడు. తరువాత ఏడు రాజ్యాలు తిరిగాడు, కొండచిలువతో పెనుగులాడాడు, భేతాళుల గుహలో వంటవాడుగా ఉన్నాడు. ఎక్కడున్నా నిద్రపట్టడానికి ఆ పాటే పాడుకునేవాడు.

ఏడు రోజుల కిందట, ఎడారి అంచున ఒక సత్రంలో, ఉప్పు బండ్లవాళ్ల మాటలు అతని చెవిన పడ్డాయి. గాలిదుమారంతో సూర్యుడు కనబడని ఒక సాయంత్రం, కాంస్యపురిలో జేగంట వేళకు ముందే మోగిందట. కోట తలుపులు మూసేశారట. వేట నుంచి వస్తున్న యువరాజు జయంతుడు బయటే చిక్కుకుపోయాడట. దుమారం మధ్యలోంచి మాంత్రికుడు కాలకంపనుడు దిగి అతన్ని ఎత్తుకుపోయాడట. నేరం సూరప్ప మీద పడింది. ఈ రోజే విచారణ.

కాంస్యపురిలో పాత శాసనం ఒకటుంది. కొలువులో ఉన్నవాడు మంత్రి కానీ, గుర్రాలకు గడ్డి వేసేవాడు కానీ, తప్పు మోపితే అదేమిటో ముఖాన చెప్పాలి. ఒక గడియ సేపు అతను చెప్పుకునేది అడ్డురాకుండా వినాలి. పక్కన నిలబడటానికి తోటి పనివాడు ఒకడు రావాలి. ఎవరూ రాకపోతే మాత్రం నేరం ఒప్పుకున్నట్టే. కొయ్యసుత్తి విరిచి, ఉప్పుటెడారిలోకి తోలేస్తారు. అక్కడికి పోయి తిరిగొచ్చినవాడు లేడు.

"పక్కన నిలబడటానికి ఒక్కడూ లేడట పాపం. మేడలో మిగతా నలుగురినీ దండనాధికారి భృంగదత్తుడు సరిహద్దు ఠాణాలకు బదిలీ చేసేశాడు" అన్నాడు బండివాడు. ఆ మాట పూర్తయ్యేలోగా కొమ్మన సత్రం గడప దాటాడు.

ఇప్పుడు అంగళ్ల వీధి సగం నడిచాడో లేదో, తొమ్మిది రోజులుగా మూగగా ఉన్న జేగంట ఒక్కసారి ఖంగుమంది. గడియ కొట్టడం కాదు, విచారణకు పిలుపు. వీధిలో ప్రతి ఒక్కరూ తలెత్తి మేడవైపు చూశారు. కొమ్మన మాత్రం తల వంచి తన కాళ్ల దగ్గరకు చూశాడు.

"పట్టుకోండి వాణ్ణి!" అని వెనకనుంచి కేక. కోట కావలి నాయకుడు బొప్పన బల్లెం ఎత్తి పరుగెత్తుకొస్తున్నాడు. "మేడవాడురా వాడు! మా మామ ముప్పై ఏళ్లు మేడలో చేశాడు. జేగంట మోగితే లోకమంతా పైకి చూస్తుంది, మేడవాళ్లు కుడుక కోసం కిందికి చూస్తారు. అన్నం తింటున్నా కంచంలోకే చూసేవాడు మా మామ! మేడవాణ్ణి ఎవణ్ణీ ఈ పూట లోపలికి రానివ్వొద్దని దండనాధికారి ఆజ్ఞ!"

కొమ్మన తనను తాను తిట్టుకోవడానికి కూడా తీరిక లేకపోయింది. వీపు మీది మోపు తాడు తెంపి విసిరాడు. నూరు విసనకర్రలు భటుల కాళ్ల కింద జరజరా జారాయి. ముందున్న ఇద్దరు పూలబుట్టల్లో పడ్డారు. మూడోవాడు అతని గడ్డం పట్టుకుని లాగాడు. గడ్డం ఊడి వాడి చేతిలోకే వచ్చింది. "ఉంచుకో నాయనా, నీ రుణం తీర్చుకోలేను!" అని దవడలు గోక్కుంటూ కొమ్మన అరుగు మీదికి, అరుగు మీంచి పందిరి మీదికి, పందిరి మీంచి కంచరి శాల పెంకుల మీదికి ఎగిరాడు. బొప్పన విసిరిన బల్లెం పాగాను ఎగరగొట్టుకుపోయింది. పెంకులు పగిలి ఒక కాలు లోపలికి దిగబడింది. లాక్కుని, ప్రహరీ మీదికి దొర్లి, కళ్లు మూసుకుని అవతలికి దూకేశాడు.

పడింది సరిగ్గా సభామంటపం మధ్యలో.

నలభై ఎనిమిది కంచు స్తంభాల మంటపం అది. స్తంభస్తంభానికీ తీగలూ పువ్వులూ చెక్కి ఉన్నాయి. పైకప్పు నుంచి వేలాడే ముత్యాల జాలరులు గాలికి చిరుసవ్వడి చేస్తున్నాయి. చలువరాతి వేదిక మీద పెద్ద గంగాళం, దాని నిండా నీళ్లు. ఎత్తయిన పీఠం మీద రాణి హైమవతి. కొడుకు దూరమైన దుఃఖంలో ఆమె ఒక్క నగ కూడా పెట్టుకోలేదు. ఆమెకు కుడివైపున భృంగదత్తుడు. సన్నటి మనిషి, నూనె రాసినట్టు మెరిసే ముఖం, రెప్ప వేయని కళ్లు. గంగాళం ముందు ఒంటరిగా సూరప్ప.

ఎంత చిక్కిపోయాడు! ఆ వెడల్పాటి భుజాలు ఏమైపోయాయి! కొమ్మనకు ఏడుపు వచ్చింది, ఆపుకోలేదు కూడా.

"కడసారి అడుగుతున్నాను" అంటున్నాడు భృంగదత్తుడు. "ఈ ముసలివాడి పక్కన నిలబడేవాడు ఎవడైనా ఉన్నాడా?"

"నేనున్నాను" అన్నాడు కొమ్మన మట్టి దులుపుకుంటూ.

సూరప్ప తిరిగి చూశాడు. కళ్లు చిట్లించాడు. "ఒరే కొమ్మా, నువ్వట్రా? ఇంకా గోడలు దూకడం మానలేదా?"

"మానలేదు తాతా. ఈసారి లోపలికి దూకాను."

భృంగదత్తుడు నవ్వాడు. "మహారాణీ, వీడు పన్నెండేళ్ల కిందట పని ఎగ్గొట్టి పారిపోయినవాడు. తోటి పనివాడు ఎలా అవుతాడు? భటులారా, ఈడ్చుకుపోండి!"

"ఆగండయ్యా" అన్నాడు సూరప్ప. గొంతు సన్నగా ఉన్నా వణకలేదు. "వీడి మీద నేరం ఉంది. విచారణ జరగలేదు. వీడి మాట వినకుండా వీణ్ణి తీసెయ్యడానికి నేనెవణ్ణి? శాసనం అందరికీ ఒకటే కదమ్మా. నమ్మకపోతే మేడలోకి మనిషిని పంపండి. ఐదో కొక్కేనికి వీడి కొయ్యసుత్తి వేలాడుతోంది. ఏటేటా నువ్వులనూనె రాస్తున్నాను, పగిలిపోకుండా."

రాణి సైగ చేసింది. పరుగున వెళ్లిన పరిచారిక కొయ్యసుత్తితో తిరిగి వచ్చింది. పిడి మీద కొమ్మన చిన్నతనంలో మేకుతో గీసుకున్న వంకర చేప బొమ్మ అలాగే ఉంది. సుత్తి నిన్న చెక్కినట్టు నిగనిగలాడుతోంది. పన్నెండేళ్లు తాను ఎవరికీ కానివాడినని ఊళ్లు పట్టుకు తిరిగాడు కొమ్మన. ఇక్కడ ఒక ముసలాయన ఆ పన్నెండేళ్లూ అతని చోటు తుడిచి ఉంచాడు.

"విరగని సుత్తి ఉన్నవాడు కొలువులో ఉన్నట్టే. నిలబడు" అంది రాణి.

బొప్పన మంటపం మెట్లదాకా వచ్చి ఆగిపోయాడు. విచారణ వేదిక మీదికి ఆయుధంతో రాకూడదు. మేడవాడి విచారణకు మేడ కుడుకే వాడాలన్నది మరో నియమం. దుమారం రోజునుంచి తన దగ్గరే ముద్ర వేసి ఉంచిన కుడుకను భృంగదత్తుడు తీసి నీళ్ల మీద తేల్చాడు. "చెప్పుకో. నీ గడియ మొదలైంది."

సూరప్ప ఏ పని చేసినా నింపాదిగా చేసే మనిషి. మాట్లాడటమూ అంతే. ముందు రాణికి దండం పెట్టాడు. మేడలో తన యాభై ఏళ్ల కొలువు సంగతి చెప్పాడు. పెద్ద మహారాజు తమ పాట వినడానికి మెట్లెక్కి వచ్చి, నేల మీద కూర్చుని మజ్జిగ తాగిన రోజు చెప్పాడు. జనంలో ముసలివాళ్లు తలలూపారు, ఒకరిద్దరు కొంగుతో కళ్లు తుడుచుకున్నారు. "తల్లీ, ఆ దుమారం నాడు కుడుక మునిగింది, నేను కొట్టాను. నాకు ఎక్కడో అనుమానం వచ్చిన మాట నిజం. కానీ మా పనిలో మనసుకు తోచినట్టు కొట్టకూడదు. మునిగితేనే కొట్టాలి. దానికి సరిగ్గా ముందు ఈ అయ్యవారు తోమిస్తానని కుడుకను పట్టుకెళ్లి మూడు రోజులు..."

గుబుక్కుమని కుడుక మునిగింది.

"గడియ అయిపోయింది" అన్నాడు భృంగదత్తుడు. "సుత్తి విరవండి."

"కాలేదు!" అని అరిచాడు కొమ్మన. మంటపమంతా ఉలిక్కిపడింది. కుడుక తేలినప్పటి నుంచీ అతని పెదవులు సడి లేకుండా కదులుతూనే ఉన్నాయి. "మహారాణీ, నేను ముప్పై ఎనిమిదో చరణంలో ఉన్నాను. గడియకు అరవై. మా తాతకు ఇంకా ఇరవై రెండు చరణాలున్నాయి!"

"పాటా?" భృంగదత్తుడి పెదవి వంగింది. "పనివేళ పాటలు రెండేళ్ల కిందటే నిషేధించాను. పనివాళ్ల కూనిరాగాలతో కాలాన్ని కొలుస్తారా?"

రాణి హైమవతి ముఖంలో, ఇన్ని రోజుల తరువాత మొదటిసారి, ఏదో కదిలింది. "నా చిన్నప్పుడు ఉయ్యాల దగ్గర దాదులు ఆ పాటే పాడేవాళ్లు. ఎప్పుడు ఆగిపోయిందో కూడా నాకు తెలియలేదు" అంది మెల్లగా. తరువాత గొంతు గట్టిపరుచుకుంది. "మా నాన్నగారి ముద్రతో భాండాగారంలో ఇంకో కుడుక ఉండాలి. తీసుకురండి. రెండూ ఒకేసారి తేల్చండి. ఏమయ్యా, పాడు!"

రెండు కుడుకలూ నీళ్లమీద తేలాయి. కొమ్మన ఎత్తుకున్నాడు:

"రాగి కుడుక తల్లీ, తొందరపడకమ్మా,
ఒక్క చుక్క చాలమ్మా, ఒక్క చుక్క చాలమ్మా..."

రెండో చరణానికి సూరప్ప గొంతు కలిసింది. నాలుగో చరణానికి పూలవాళ్ల పందిళ్ల వైపునుంచి ఒక ముసలమ్మ అందుకుంది. పదో చరణానికి వడ్లు దంచేవాళ్లు, కంచరులు, గుర్రాల శాలవాళ్లు. బల్లెం కింద పెట్టేసి, మామను తలుచుకుంటూ బొప్పన కూడా గట్టిగా, ఘోరంగా, శ్రుతి లేకుండా అందుకున్నాడు. రెండేళ్లుగా నోళ్లు కట్టుకున్న ఊరు అది. ఇప్పుడు కట్టలు తెగినట్టు పాడింది.

"అత్త వడ్లు దంచింది, కోడలు చెరిగింది,
సగం గడియ దాటింది, గాలి ఇటు మళ్లింది..."

అది ముప్పై ఎనిమిదో చరణం. భృంగదత్తుడి కుడుక గుబుక్కుమని మునిగింది. పాత కుడుక ఇంకా తేలుతూనే ఉంది. ఎవరూ పాట ఆపలేదు. నలభై, యాభై, యాభై తొమ్మిది.

"అరవై చుక్కలు నిండె, ఆగమ్మా కుడుకా,
అందరి పొద్దమ్మా ఇది, మనదొక్కటి కాదమ్మా!"

చివరి మాటతో పాటే రెండో కుడుక మెత్తగా నీళ్లలోకి దిగిపోయింది. రాణి లేచి, తన చేత్తో మొదటి కుడుకను ఎత్తి వెలుగుకు పెట్టి చూసింది. బెజ్జం అంచున ఆకురాయితో రాసిన గీతలు తళుక్కుమన్నాయి. పాట ఆగకుండా ఉంటే ఈ మోసం మొదటి గడియలోనే బయటపడేది. అందుకే ముందు పాటను ఆపించారు, ఆ తరువాత బెజ్జాన్ని పెద్దది చేశారు.

"సూరప్పా, నీ మీద నేరం లేదు. వెళ్లి నీ మేడ ఎక్కు" అంది రాణి. సూరప్ప కొయ్యసుత్తి అందుకుని, కొమ్మన భుజం ఒకసారి నొక్కి, ఒక్కొక్క మెట్టే ఎక్కసాగాడు. జనం "కట్టెయ్యండి భృంగదత్తుణ్ణి! నోరెత్తనివ్వకండి!" అని ఎగబడ్డారు. రాణి చెయ్యెత్తి ఆపింది. "అతనూ కొలువులో ఉన్నవాడే. అతనికీ ఒక గడియ ఉంది. మంచి కుడుకతోనే తేల్చండి. అది మునిగేదాకా ఎవరూ అడ్డు రాకూడదు. నా కొడుకు ఏమయ్యాడో అతనే చెప్పాలి."

భృంగదత్తుడు తల వంచి నమస్కరించాడు. కుడుక తేలింది. అతను కళ్లు మూసుకుని ఏదో గొణగడం మొదలుపెట్టాడు. పది చరణాల సేపు గొణిగాడు, ఇరవై చరణాల సేపు గొణిగాడు. అతని చుట్టూ గాలి చల్లబడింది. ముత్యాల జాలరులు గాలి లేకుండానే ఊగాయి. కొమ్మన ముందుకు వంగి ఆ గొణుగుడు విన్నాడు. "మహారాణీ, ఇతను చెప్పుకోవడం లేదు. మంత్రం చదువుతున్నాడు!"

రాణి ముఖం పాలిపోయింది. పిడికిళ్లు బిగిశాయి. "తెలుస్తూనే ఉంది. అయినా ఇచ్చిన గడియ వెనక్కి తీసుకోను. తీసుకుంటే ఈ మంటపంలో రేపు ఎవడి గడియ నిలుస్తుంది?"

కొమ్మన నడుముగుడ్డ బిగించి, తన సుత్తి దోపుకుని, అడుగు అడుగుగా గంగాళం అంచుకు జరిగాడు. కుడుకలో నీరు అంచుదాకా వచ్చింది. ఒక్క చుక్క. ఇంకొక్క చుక్క.

కుడుక మునిగింది. అదే క్షణంలో భృంగదత్తుడి వీపు చీల్చుకుని రెండు నల్లటి రెక్కలు మంటపమంత వెడల్పున విచ్చుకున్నాయి. ముక్కు కొడవలిలా వంగింది. "కాలకంపనుడి సేవకుణ్ణి నేను! యువరాజు ఆయన సీసపుకోటలో ఉన్నాడు, చేతనైతే రండి!" అని ఆ రాకాసి గద్ద బొబ్బ పెట్టి పైకి లేచింది. రెక్కల విసురుకు కంచు స్తంభాలు గంటల్లా మోగాయి. అందరూ నేల మీద పడిపోయారు. కొమ్మన ఒక్కడే ఎగిరి దాని కాలు రెండు చేతులా పట్టుకున్నాడు.

గద్ద విదిలించింది. కొమ్మన వదల్లేదు. రెండోకాలి గోళ్లతో రక్కింది. భుజం చీరుకుపోయినా వదల్లేదు. అంగళ్ల వీధి, పూల పందిళ్లు, బెల్లం వాసన అన్నీ కిందికి జారిపోయాయి. ఎదురుగా కోట గోడ అవతల తెల్లగా, అంతు లేకుండా ఉప్పుటెడారి.

అప్పుడు జేగంట మోగింది. తొమ్మిది రోజుల తరువాత, సరైన గడియకు, సరైన చెయ్యి కొట్టిన దెబ్బ.

కొమ్మన అలవాటుకొద్దీ తల వంచి కిందికి చూశాడు. ఈసారి కాళ్ల కింద దుమ్ము లేదు. జేగంట మేడ ఉంది. పై అంతస్తు కిటికీలోంచి సగం బయటికి వంగి, సుత్తి ఊపుతూ సూరప్ప ఉన్నాడు. గాలిలో అతని కేక అందీ అందకుండా వచ్చింది.

"ఒరే కొమ్మా! నీ విచారణ అలాగే ఉందిరా! యువరాజుని తీసుకుని రా! వచ్చి నీ మాట చెప్పుకో, నేను వింటాను!"

"వస్తాను తాతా!" అని కొమ్మన గొంతు చించుకుని అరిచాడు. గద్ద కోట గోడ దాటి ఉప్పుటెడారి మీదికి మళ్లింది. నెత్తురు కారే చేతులతో దాని కాలిని ఇంకా గట్టిగా బిగించి, పళ్లు కరుచుకుని, మొదటి చరణం ఎత్తుకున్నాడు.